మార్కుల గొడవకి సహ చట్టమా, హైకోర్టా?

మావాడొకడు ఇంజినీరింగ్ రెండో ఏడాదిలో ఒక సబ్జెక్టు రెండంటే రెండు మార్కుల్లో పోగొట్టుకున్నాడు. రిజల్ట్ చూసిన సాయంత్రమే హైకోర్టుకి వెళ్దామన్నాడు. తెలిసిన వకీలు దగ్గరికి తీసుకెళ్తే ఆయన అడిగింది ఒక్కటే, "జవాబు పత్రం కాపీ ఉందా?" లేదు. ఇంటికొచ్చేశాం.

గొడవ మార్కుల మీదైతే ముందు సమాచార హక్కు (సహ) చట్టమే మేలని నా లెక్క. దరఖాస్తుకి 10 రూపాయలు, కాపీకి పేజీకి 2 రూపాయలు, 30 రోజుల్లో జవాబివ్వాలి. దిద్దిన జవాబు పత్రం కూడా సమాచారమే, రాసినవాళ్లు అడిగితే చూపించాల్సిందేనని సుప్రీంకోర్టు 2011 ఆగస్టులో సీబీఎస్‌ఈ కేసులో తేల్చేసింది. దిద్దినవాళ్ల పేరు మాత్రం చెప్పరు. పైగా యూనివర్సిటీ పేపర్లు ఎన్నాళ్లు దాచాలని రూలు పెట్టుకుందో అన్నాళ్లే ఈ హక్కు, ఆ తర్వాత అడిగి లాభం లేదు. ఇంకో తిరకాసు ఏంటంటే రీవాల్యుయేషన్ (పేపర్ మళ్లీ దిద్దించుకోవడం) గడువు చాలాచోట్ల ఈ 30 రోజులకంటే ముందే అయిపోతుంది, కాబట్టి కాపీ కోసం ఎదురుచూస్తూ కూర్చోకుండా రెండు దరఖాస్తులూ ఒకేసారి పెట్టేయండి.

అదే హైకోర్టులో రిట్ (యూనివర్సిటీ లాంటి సంస్థల మీద వేసే పిటిషన్) వేస్తే? జడ్జిగారు మీ థర్మోడైనమిక్స్ పేపర్ దిద్దరు. రూల్స్‌లో లేకపోతే రీవాల్యుయేషన్ అడిగే హక్కే లేదని 1984లోనే మహారాష్ట్ర బోర్డు కేసులో సుప్రీంకోర్టు జడ్జిలు చెప్పేశారు. 2017 డిసెంబర్‌లో ఉత్తరప్రదేశ్ టీచర్ల నియామకం కేసులోనైతే, అనుమానం వస్తే ఆ లాభం పరీక్ష పెట్టినవాళ్లకేగానీ రాసినవాళ్లకి కాదన్నారు. 'కీ' (బోర్డు ఇచ్చే సరైన జవాబుల పట్టిక) తప్పని పాఠ్యపుస్తకం తెరవగానే తెలిసిపోయేలా ఉంటే అది వేరే సంగతి, 1983లో కాన్పూర్ యూనివర్సిటీ మీద విద్యార్థులు అలాగే గెలిచారు.

హాల్ టికెట్ ఆపేస్తే మాత్రం కోర్టే. పరీక్ష సోమవారం పెట్టుకుని 30 రోజులు ఎవరు ఆగుతారు? హైకోర్టు మధ్యంతర ఉత్తర్వు (కేసు తేలేలోపు ఇచ్చేది) ఇస్తే వెళ్లి రాసేయొచ్చు, కాకపోతే అందులో 'తుది తీర్పుకి లోబడి' అని ఉంటుంది, కేసు ఓడిపోతే రాసిన పరీక్ష రాయనట్టే, ఆ టెన్షన్ తప్పదు. అందరికీ ఆ ఉత్తర్వూ దొరకదు. 1986లో ఏపీ క్రిస్టియన్ మెడికల్ ఎడ్యుకేషనల్ సొసైటీ కేసులో, చట్టాన్ని మీరమని యూనివర్సిటీకి మేమెలా చెప్తామంటూ సుప్రీంకోర్టు పిల్లల్ని పరీక్షకి కూర్చోనివ్వలేదు. స్క్రైబ్ (మనం చెప్తే పరీక్ష రాసిపెట్టే మనిషి) విషయంలో కోర్టుకి ధైర్యంగా వెళ్లొచ్చు. వైకల్యం 40 శాతం లేకపోయినా, రాయలేని ఇబ్బంది నిజమైతే స్క్రైబ్‌ని ఇవ్వాల్సిందేనని 2021 ఫిబ్రవరిలో ఒక యూపీఎస్సీ అభ్యర్థి కేసులో తీర్పొచ్చింది.

ఇంతకీ మావాడి కాపీ వచ్చింది. నాలుగో ప్రశ్నలో రెండో భాగం అసలు రాయనే లేదు వెధవ. రిట్ వేసుంటే ఆ సంగతి కోర్టు హాల్లో తెలిసేది.