స్కైరిమ్‌లో కనబడిన పీపా అల్లా తెరవాలా, పెద్ద పెట్టెలు చాలా? ఏది మేలు?

ఎండాకాలం సెలవులకి మా పిన్ని కొడుకు పాతపట్నం నుంచి పర్లాకిమిడి వచ్చాడంటే మా ఇంట్లో కంప్యూటర్ ముందు రెండు కుర్చీలు పడతాయి. పాతపట్నం ఎంత దూరం, బోర్డర్ దాటితే వచ్చేస్తుంది, అయినా వాడు బట్టలు సర్దుకుని నెలరోజులకని వస్తాడు. ఆట స్కైరిమ్, ఊహాలోకంలో గుహలూ సమాధులూ తిరుగుతూ శత్రువుల్ని కొట్టి సరుకు పోగేసుకునే కంప్యూటర్ ఆట. 2011 నవంబర్ 11న వచ్చిన ఆట, మా ఇద్దరికీ ఇంకా పాతబడలేదు. ఆడే తీరు దగ్గరే పేచీ. గుహలో దిగితే దారిలో ఉన్న పీపా, గోనెసంచి, కుండ, తోలుసంచి, అన్నిటి మూతలూ నేను తీసి చూస్తాను. వాడు వాటి మొహం కూడా చూడకుండా చిట్టచివర ఉండే పెద్ద పెట్టె దాకా పరుగు తీస్తాడు. "ఏటక్కా, క్యాబేజీ కోసం ఇంతసేపా?" అని వాడి గోల.

మూడు ఎండాకాలాలుగా ఈ వాదన నడుస్తోంది కాబట్టి, ఏది ఎప్పుడు లాభమో నాకు తెలిసినంత వరకు ఒకచోట రాసి పెడుతున్నాను. కొత్తగా ఆడేవాళ్లకి పనికొస్తుంది.

ముందు బరువు సంగతి తేల్చుకోవాలి, మిగతా వాదన అంతా దాని మీదే ఆధారపడి ఉంది. మొదట్లో మన పాత్ర మోయగలిగేది 300. లెవెల్ పెరిగినప్పుడు స్టామినా, అంటే పాత్ర ఓపిక, ఎంచుకుంటే ప్రతిసారీ ఇంకో 5 కలుస్తుంది. అది దాటితే పరుగు ఉండదు, కాలు ఈడ్చుకుంటూ నడవాలి, మ్యాప్ మీద నొక్కి ఒక్కసారిగా వేరే చోటికి చేరే ఫాస్ట్ ట్రావెల్ పోతుంది. ఇనుప కత్తి బరువు 9, ఖరీదు 25 బంగారు నాణేలు. ఇనుప కవచం బరువు 30, ఖరీదు 125. అదే గార్నెట్ రాయి బరువు 0.1, ఖరీదు 100. అమెథిస్ట్ 120, రూబీ 200, వజ్రం 800, బరువు మాత్రం అన్నీ అదే 0.1. బంగారు నాణేలకీ, తాళాలు తీసే లాక్‌పిక్‌లకీ అసలు బరువే లేదు. మా ఊరి సంతకి కావడి భుజాన వేసుకుని కొండ దిగి వచ్చేవాళ్లకి ఈ లెక్క ఎవరూ చెప్పక్కర్లేదు, ఒక్క నడకలో మోసేదానికి ఎంత డబ్బు వస్తుందన్నదే వాళ్లు చూసేది. ఆటలోనూ అంతే. మూత తెరిచినందుకు పోయేది కాస్త టైమే, తెరిచాక అన్నీ తీసుకో అనే బటన్ నొక్కేయడమే తప్పు. ఆ తప్పు చేసేవాళ్లే తర్వాత వచ్చి, అన్నీ తెరిస్తే బరువైపోతోందని అంటారు.

పీపాల విషయంలో మా తమ్ముడు చెప్పేదాంట్లో సగం నిజం. బంగాళాదుంపలు, క్యాబేజీలు, ఆపిల్స్, అప్పుడప్పుడు కాస్త ఉప్పు, అంతే. డబ్బు కోసమైతే పీపా దండగ. కానీ వంట చేసేవాళ్లకి అవి కావాలి. క్యాబేజీ, బంగాళాదుంప, టమాటా, లీక్ అనే ఉల్లికాడలాంటి కూర, ఈ నాలుగూ వంటకుండ దగ్గర కలిపితే కూరగాయల సూప్ వస్తుంది. అది తాగితే 720 సెకన్ల పాటు సెకనుకి ఒక పాయింట్ చొప్పున ఆరోగ్యమూ స్టామినా పెరుగుతూనే ఉంటాయి. పెద్ద గొడ్డలితో బలమైన దెబ్బ కొట్టడానికి స్టామినా నిండుగా ఉండక్కర్లేదు, చుక్క మిగిలి ఉన్నా చాలు. అంటే ఈ సూప్ తాగినవాడు పన్నెండు నిమిషాలు ఆగకుండా కొట్టచ్చు. మొదటి పది పదిహేను లెవెల్స్‌లో గాయాలు మాన్పే మందు సీసాలు కొనడానికి డబ్బులేనప్పుడు నన్ను నిలబెట్టింది ఈ సూపే. చేతిలో మంచి మందులు పోగయ్యాక నేనూ పీపాలు వదిలేస్తాను.

నేను అసలు గట్టిగా చెప్పాలనుకున్నది కుండల గురించి, తోలుసంచుల గురించి. ఆటలో నార్డ్ అనే జాతివాళ్ల పాత సమాధుల్లో ఇరుకు నడవాలు ఉంటాయి కదా, రెండు పక్కలా గోడల్లో అరలు, అరల్లో ఎండిపోయిన శవాలు, వాటి మధ్య అస్థికల కుండలు. శవాల్లో ఏది లేచి మీద పడుతుందో తెలియదు. అక్కడ వంగి, చప్పుడు కాకుండా కుండ దగ్గరికి వెళ్లి తెరిస్తే పది పదిహేను నాణేలు, ఒక్కోసారి ఒక రాయి, ఒక్కోసారి మందు సీసా. ఒక్కో కుండకి రెండు సెకన్లు పట్టదు, అందులో దొరికేదానికి బరువూ పెద్దగా ఉండదు. ఒక సమాధిలో అవి పదుల సంఖ్యలో ఉంటాయి. మా అమ్మమ్మ ఇంట్లో నలుగురు పట్టినా కదలని భోషాణం ఉండేది, దాంట్లో ఇత్తడి బిందెలు, పాత దుప్పట్లు. డబ్బులు మాత్రం ఆవిడ పోపులపెట్టె కింద, బియ్యం డబ్బాలో పెట్టేది. నాకు చిన్న వాటి మూతలు తీసి చూడాలనే అలవాటు అక్కడి నుంచే వచ్చింది.

ఇక మందులు చేసేవాళ్ల తోలుసంచి. బల్లల మీద, గుహల్లో మకాంల దగ్గర కనబడుతుంది, చాలామంది దాన్ని అలంకారం అనుకుని దాటిపోతారు. అందులో ఉండేవి మందు దినుసులు, ఒక్కొక్కటీ చాలావరకు అర బరువు కూడా ఉండదు. నీలం కొండపువ్వు, గోధుమ కలిపితే ఆరోగ్యం తిరిగొచ్చే మందు. గోధుమకి రాక్షసుడి కాలివేలు కలిపితే వచ్చే మందుకి అంగట్లో పలికే ధర చూస్తే ఇనుప కవచాలు మోసుకెళ్లడం మానేస్తారు. రాక్షసుణ్ణి కొట్టడం మొదట్లో మనవల్ల కాదు, అది వేరే విషయం. తోలుసంచి కనబడితే మాత్రం ఎంత తొందరలో ఉన్నా ఆగండి.

పెద్ద పెట్టె తరఫున కూడా న్యాయంగా చెప్పాలి. మంత్రం పట్టిన కత్తులు, కవచాలు, ఉంగరాలు కావాలంటే గుహ చివర శత్రువుల నాయకుడి వెనక ఉండే పెట్టెకి సాటి లేదు. దాంట్లో ఏం ఉంటుందన్నది మన లెవెల్‌ని బట్టి ఉంటుంది, అదీ ఆ చోట మొదటిసారి అడుగుపెట్టినప్పటి లెవెల్‌తో ఆ గుహ స్థాయి ఖాయమైపోతుంది. లెవెల్ 5లో ఊరికే తొంగిచూసి వచ్చి, తర్వాత పెద్దవాడినయ్యాక తెరుస్తానంటే కుదరదు. అందుకే మంచి పెట్టె ఉంటుందని తెలిసిన చోటుకి తొందరపడి వెళ్లకండి.

ఒకసారి ఒకే సేవ్ నుంచి బ్లీక్ ఫాల్స్ బారో ఇద్దరం విడివిడిగా చేశాం, ఎలుగు, చిమ్మట, గుడ్లగూబ అని తలుపు చక్రాలు తిప్పి లోపలికి వెళ్లే ఆ సమాధి. వాడు అరగంటలో బయటికొచ్చాడు, నాకు గంట దాటింది. బంగారం, మందులు నాకు ఎక్కువ, చివరి పెట్టెలో సరుకు ఇద్దరికీ ఉంది. రోజూ గంటే ఆడే వీలున్నవాళ్లకి, లేదా మా ఊళ్లో ఎండాకాలంలోలా కరెంటు ఎప్పుడు పోతుందో అని టెన్షన్‌తో ఆడేవాళ్లకి వాడి పద్ధతే మేలు. తీరిక ఉంటే నాదే. పీపాలు, గోనెసంచులు వదిలి కుండలు, తోలుసంచులు, పెట్టెలు తెరవడం మధ్యేమార్గం, చాలామందికి నేను చెప్పేది ఇదే.

తాళాల గురించి ఎక్కువ చెప్పను. నోవిస్ నుంచి మాస్టర్ దాకా ఐదు రకాలు. ఎంత పెద్ద తాళమైనా పర్క్, అంటే పాయింట్లు పెట్టి తెచ్చుకునే అదనపు నేర్పు, లేకుండానే తీయచ్చు, మాస్టర్ తాళం కూడా మొదటి రోజే తీయచ్చు, లాక్‌పిక్‌లు విరుగుతాయి అంతే. అవి దొంగల జేబుల్లో బోలెడు దొరుకుతాయి. తాళాలు తీసే నేర్పు 100కి చేరాక వచ్చే, లాక్‌పిక్ విరగని పర్క్ కోసం పాయింట్లు పెట్టడం నాకు నచ్చదు, ఆ పాయింట్లు కమ్మరి పనిలో పెట్టుకుంటే ఎక్కువ లాభం. టవర్ స్టోన్ అనే మహిమ గల రాయి ముట్టుకుంటే రోజుకొక తాళం, ఎక్స్‌పర్ట్ దాకా, దానంతటదే తెరుచుకుంటుంది. పైగా మాస్టర్ తాళం అరగంట తిప్పి తిప్పి తీస్తే లోపల కొన్ని నాణేలు, ఒక మామూలు బాకు కనబడిన రోజులు నాకు చాలానే ఉన్నాయి. ఎర్ర అక్షరాలు కనబడితే అది వేరొకరి సొత్తు, తీస్తే దొంగతనం, మామూలు అంగడివాళ్లు కొనరు. డాన్‌స్టార్ అనే ఊరి గని దగ్గర వర్తకుల సరుకు పెట్టె కనబడకుండా ఉందని చాలామందికి తెలుసు, తెరిస్తే వర్తకుడి సరుకంతా మనదే. నేను దాని జోలికి వెళ్లను, అది ఒకసారి అలవాటైతే గుహలో కుండ తెరిచే ఆత్రం చచ్చిపోతుంది.

ఆటని ఇంకా కష్టం చేసే సర్వైవల్ మోడ్ పెట్టుకుంటే ఈ లెక్క తలకిందులవుతుంది. ఆకలి ఉంటుంది, మోసే బరువు తగ్గిపోతుంది, లాక్‌పిక్‌లకీ బాణాలకీ కూడా బరువొస్తుంది, ఫాస్ట్ ట్రావెల్ లేదు. అందులో పీపా తెరవనివాడు పస్తుంటాడు.

ఇక దాచుకోవడం. దొరికిన సరుకు ఎక్కడ పెట్టాలన్నదాంట్లో రెండు దారులు, దారిలో ఏదో పెట్టెలో పడేయడం లేదా సొంత ఇల్లు కొనుక్కోవడం. దీంట్లో మాత్రం నాకు రెండో మాట లేదు, ఇల్లే. మా తమ్ముడు రివర్‌వుడ్ అనే ఊరి దగ్గర ఎంబర్‌షార్డ్ గనిలో దొంగలందర్నీ చంపి, ఊరికి దగ్గరే కదా అని అక్కడి పెట్టెలో డ్రాగన్ ఎముకలు, పొలుసులు, రాళ్లు అన్నీ పోశాడు. ఎముక ఒక్కొక్కటి బరువు 15, పొలుసు 10, వాడి బాధ నాకు అర్థమైంది. చాలా రోజులకి వెనక్కి వెళ్తే లోపల కొత్త దొంగలు, పెట్టె తెరిస్తే ఎవరివో నాణేలు, ఒక ఇనుప కత్తి. వాడు కాసేపు మాట్లాడలేదు, పెట్టె మూసి మళ్లీ తెరిచాడు, మళ్లీ మూసి తెరిచాడు. వారం రోజుల ఆట అందులో ఉంది.

ఇది ఆట నియమమే. ఒక చోటు వదిలి వెళ్లాక ఆటలో 10 రోజులకి, పూర్తిగా ఖాళీ చేసిన చోటైతే 30 రోజులకి, అక్కడి పెట్టెలు మళ్లీ కొత్తగా నిండుతాయి, మనం పెట్టింది పోతుంది. ఆటలో రోజు మనకి 72 నిమిషాలు, అంటే 10 రోజులంటే పన్నెండు గంటల ఆట. నిద్రపోయినా, ఫాస్ట్ ట్రావెల్ చేసినా గడియారం ఇంకా తొందరగా తిరుగుతుంది. మనం తిరిగి నిండాలని కోరుకునేదీ ఇదే, పోగొట్టుకునేదీ ఇదే, కాబట్టి దోచుకోవడానికి అడవిలో పెట్టె, దాచుకోవడానికి ఇల్లు అని విడిగా పెట్టుకోవాలి.

వైట్‌రన్ అనే పట్నంలో బ్రీజ్‌హోమ్ అనే ఇల్లు 5000 నాణేలకి వస్తుంది, అందులో పెట్టిన వస్తువు ఎన్నాళ్లైనా కదలదు. కుండల్లో దొరికిన నాణేలు, రాళ్లు అమ్ముకుంటూ పోతే 5000 పెద్ద మొత్తమేం కాదు. అంతవరకు తోడు వచ్చే మనిషి చేత మోయించండి, అమ్మదగింది వెంటనే అమ్మేయండి, దాచాలన్న ఆశ పెట్టుకోకండి. ఆటలో నా ఇంట్లో ఇప్పుడు మేడ మీద మంచం దగ్గర పెట్టెలో ఆయుధాలు, కింద దినుసులు విడిగా, రాళ్లకి వేరే చోటు, ఇలా సర్దాను. వాడేమో వాడి సేవ్‌లో ఎముకలు, పువ్వులు, చీజు ముక్కలు అన్నీ ఒకే పెట్టెలో కుక్కి, గోధుమ కావాల్సొచ్చిన ప్రతిసారీ పైనుంచి కిందికి లిస్టు మొత్తం వెతుకుతాడు. దాని మీద నిన్న కూడా గొడవైంది.