యార్క్ కంటే షిల్డన్‌కే నా ఓటు

ఇంగ్లండ్‌లో పాత ఆవిరి ఇంజన్లు చూడాలంటే అందరూ యార్క్ పొమ్మంటారు. అక్కడి రైల్వే మ్యూజియం పెద్దదే, టికెట్ కూడా లేదు. 1938లో గంటకు 126 మైళ్లు అందుకున్న మల్లార్డ్ ఉన్నదీ అక్కడే. కానీ శని, ఆదివారాల్లో ఆ ఊరి హోటళ్లు చుక్కలు చూపిస్తాయి. పిల్లలు మల్లార్డ్ కోసం మారాం చేయకపోతే నేరుగా డార్లింగ్టన్‌లో దిగి, అక్కడి నుంచి షిల్డన్ రైల్వే మ్యూజియానికి వెళ్లండి. స్టేషన్ దగ్గర మాకు దొరికిన గది ఇరుకే గానీ శుభ్రంగా ఉంది. టిఫిన్ ఆలస్యం, కాఫీ నీళ్లనీళ్లగా ఉంది.

బిషప్ ఆక్లండ్ వెళ్లే చిన్న రైలెక్కితే షిల్డన్‌కి ముందు వచ్చేది హైయింగ్టన్. 1828లో లోకోమోషన్ నంబర్ 1 అనే తొలినాటి ఆవిరి ఇంజన్ బాయిలర్ పేలి డ్రైవర్ జాన్ క్రీ చనిపోయింది అక్కడే. ఈ సంగతి తెలిసి వెళ్తే మ్యూజియం వేరేగా కనిపిస్తుంది.

షిల్డన్ స్టేషన్ నుంచి మ్యూజియానికి నడిచిపోవచ్చు, ఇక్కడా ప్రవేశం ఉచితమే. 1829లో రెయిన్‌హిల్‌లో జరిగిన ఆవిరి ఇంజన్ల పోటీలో తలపడ్డ రాకెట్, సాన్ పరేల్ రెండూ ఇక్కడే చూశాం. నన్ను కట్టిపడేసింది మాత్రం ఆ పోటీ నిబంధనలు. ఇంజన్‌కి ఒత్తిడి మితిమీరితే ఆవిరిని వదిలేసే సేఫ్టీ వాల్వులు రెండుండాలి, ఒకటి డ్రైవర్ చేతికి అస్సలు అందకూడదు, నడుస్తుండగా ఏ వాల్వునీ బిగించకూడదు. ఆవిరి ఒత్తిడి చదరపు అంగుళానికి 50 పౌండ్లు దాటకూడదు. ఇంత పట్టుదల ఎందుకంటే, కుక్కర్ వెయిట్‌ని చేత్తో అదిమిపట్టే మనుషులు అప్పుడూ ఉన్నారు. 1831లో అమెరికాలో ఆవిరి బుసకొడుతుంటే విసుగొచ్చి, ఇంజన్ పొయ్యి చూసే ఓ ఫైర్‌మన్ వాల్వు మూసేశాడట. బాయిలర్ పేలి అతని ప్రాణమే పోయింది.

రాకెట్ బాయిలర్‌లో 25 రాగి గొట్టాలుంటాయి. నిప్పు సెగ నీళ్లకి ఎక్కువ మేర తగలడానికి ఈ ఏర్పాటు. ఇంజనీరు హాక్‌వర్త్ ఇదే ఊళ్లో కట్టిన సాన్ పరేల్ బరువు ఎక్కువై, సిలిండర్ పగిలి ఓడిపోయింది. అయినా తర్వాత బోల్టన్ లైన్లో ఏళ్ల తరబడి పనిచేసింది, అందుకే నాకు అదే ముద్దు. గెలిచిన రాకెట్‌కి బ్రేకే లేదు! 1830 సెప్టెంబర్ 15న పార్లమెంటు సభ్యుడు హస్కిసన్ దాని కిందే పడ్డారు.

పెద్దవాళ్లకి కూర్చునే చోటు తక్కువ. తిరుగు రైలు వేళ ముందే చూసుకోండి, ఒకటి తప్పితే చాలాసేపు ప్లాట్‌ఫారం మీద చలిలో నిలబడాలి.