కాల్ మై ఏజెంట్: స్టార్ల కోసం కాదు, అర్లెట్ కోసం చూడండి

నెట్‌ఫ్లిక్స్‌లో ఉన్న ఈ ఫ్రెంచ్ సిరీస్ చూడమని చెప్పేవాళ్లు ముందు గెస్ట్‌గా వచ్చే స్టార్ల పేర్లు చెబుతారు. జూలియెట్ బినోష్ ఉంది, మోనికా బెలూచీ ఉంది, ఇజబెల్ హుపేర్ ఉంది అని. నేనైతే అర్లెట్ కోసం చూడమంటాను. సినిమా వాళ్ల డేట్లు, అగ్రిమెంట్లు, అలకలు అన్నీ చూసుకునే ప్యారిస్ ఏజెన్సీ ఒకటి, ఆ ఆఫీసులో అందరికంటే పెద్దావిడ అర్లెట్, పక్కన ఎప్పుడూ ఒక చిన్న కుక్క, దానికి పాతతరం ఫ్రెంచ్ హీరో జాన్ గబాన్ పేరు. ఆవిడ ఎవరితోనైనా మొహం మీదే మాట్లాడేస్తుంది. ఈ పాత్ర వేసిన నటి లిలియన్ రోవేర్.

ఆవిడ పుట్టింది 1933లో. సిరీస్ ఫ్రాన్స్ 2 చానెల్లో మొదలైంది 2015లో. అంటే 80 దాటాక ప్రపంచమంతా గుర్తుపట్టే పాత్ర దొరికింది! అంతకుముందు దశాబ్దాల పాటు చిన్న చిన్న పాత్రలే. దర్శకుడు బెర్ట్రాన్ బ్లియే తీసిన, ఆస్కార్ అందుకున్న 1978 సినిమాలో ఉంది, 2000లో వచ్చిన హ్యారీ అనే థ్రిల్లర్‌లో హీరోకి తల్లిగా ఉంది, కానీ పోస్టర్ మీద చూసి జనం టికెట్ కొనే పేరు ఎప్పుడూ కాదు. మన దగ్గర క్యారెక్టర్ ఆర్టిస్ట్ అంటాం కదా, అచ్చంగా అదే. ఇక ఆవిడ జీవితమే ఒక పెద్ద కథ. 1950ల్లో జాజ్ ట్రంపెట్ కళాకారుడు చెట్ బేకర్‌తో ప్రేమలో ఉంది, తర్వాత డబుల్ బాస్ అనే వాయిద్యం వాయించే రోవేర్‌ని పెళ్లి చేసుకుని ఆ ఇంటిపేరే తెరపేరుగా ఉంచుకుంది, 2019లో ఆత్మకథ కూడా రాసింది.

సిరీస్‌లో నాకు బాగా నచ్చింది ఏంటంటే, అర్లెట్ ఎవరికీ బామ్మ కాదు. నీతులు చెప్పడానికో, మందులు వేసుకుంటూ కూర్చోవడానికో పెట్టిన పాత్ర కాదు. రోజూ ఆఫీసుకొస్తుంది, తన క్లయింట్ల కోసం కొట్లాడుతుంది, ఏజెన్సీ పెట్టిన శామ్యూల్ కెర్ మొదటి ఎపిసోడ్‌లోనే చనిపోయి అందరూ టెన్షన్‌తో పరుగులు పెడుతుంటే ఆ బొంగురు గొంతుతో గట్టిగా అరవకుండానే గదిలో బరువంతా తనవైపు లాక్కుంటుంది. కమీల్ కొటాన్ ఏజెంట్ ఆండ్రియాగా అదరగొట్టింది, అందులో సందేహం లేదు, కానీ ఆండ్రియా అరిచిన సీన్లో కూడా నా కళ్లు వెనకాల నిలబడి చూస్తున్న అర్లెట్ మీదకే వెళ్లేవి.

మొదటి సీజన్ రెండో ఎపిసోడ్ తప్పకుండా చూడండి. పాతతరం తారలు లీన్ రెనో, ఫ్రాన్స్వాజ్ ఫాబియాన్ తమ పాత్రల్లో తామే కనిపిస్తారు. ఫాబియాన్ పుట్టింది కూడా 1933లోనే. ఒకే ఏడు పుట్టి, ఒకే వృత్తిలోకి వచ్చిన ఇద్దరిలో ఒకావిడ తన సొంత పేరుతో గెస్ట్‌గా వస్తే, ఇంకొకావిడ కల్పిత పేరుతో రోజువారీ పాత్ర మోస్తోంది. ఇది తెలిశాక ఆ ఎపిసోడ్ నాకు ఇంకా గట్టిగా తగిలింది.

మొత్తం 4 సీజన్లు, 24 ఎపిసోడ్లు. కథకి మూలం దొమినిక్ బెనెయార్ ఆలోచన, ఆయన నిజంగా ఏజెంట్‌గా పనిచేసినవాడే, అందుకే ఆఫీసు రాజకీయాలు అంత నిజంగా ఉంటాయి. రచయిత ఫానీ హెరెరో మూడో సీజన్ తర్వాత తప్పుకుంది, నాలుగోదాంట్లో ఆ లోటు తెలుస్తుంది, పట్టు కాస్త సడలింది. 2021లో ఇంటర్నేషనల్ ఎమ్మీ అనే టీవీ అవార్డు వచ్చింది. అదే ఏడాది హిందీ రీమేక్ వచ్చింది, అందులో పెద్దావిడ పాత్ర సోనీ రాజ్‌దాన్ వేశారు. ఆవిడ బాగానే చేశారు, కానీ రాసిన తీరులో ఆ పదును లేదు. నా మాట విని ముందు ఒరిజినలే చూడండి, ఫ్రెంచ్ ఆడియో పెట్టుకుని ఇంగ్లీష్ సబ్‌టైటిల్స్‌తో. ఆ గొంతు వినకపోతే సగం పోయినట్టే.

రోవేర్ ఇంకా కావాలనిపిస్తే నెట్‌ఫ్లిక్స్‌లోనే ఫ్యామిలీ బిజినెస్ అనే సిరీస్ ఉంది, 2019లో మొదలైంది. గంజాయి చట్టబద్ధం కాబోతోందని విని మాంసం కొట్టుని గంజాయి అమ్మే కాఫీషాపుగా మార్చాలనుకునే కుటుంబం కథ. ఇందులో ఆవిడ బామ్మే, పేరు లుద్మిలా, కానీ మనం అనుకునే బామ్మ కాదు. కామెడీ కొంచెం మోటుగా ఉంటుంది, అర్లెట్‌కున్న లోతు ఇక్కడ లేదు. రెండింట్లో ఏదీ పిల్లల్ని పక్కన కూర్చోబెట్టుకుని చూసేది మాత్రం కాదు.