చుట్టం సాక్ష్యమా, దారిన పోయేవాడి సాక్ష్యమా?

విశాఖ సెషన్స్ కోర్టులో హత్య కేసులో శిక్ష పడి, అప్పీలు అమరావతిలోని హైకోర్టుకు వెళ్లిందనుకోండి. అక్కడ జడ్జీలు మామూలుగా సాక్షి ముఖం చూడరు, రికార్డులో ఉన్న వాంగ్మూలమే చూస్తారు.

చనిపోయినవాడి తమ్ముడు సాక్షి అయితే "సొంతవాడు కదా, అబద్ధం చెప్తాడు" అని చాలామంది కొట్టిపారేస్తారు. అది తప్పు. దగ్గరి బంధువు మామూలుగా అసలు హంతకుణ్ణి వదిలేసి అమాయకుణ్ణి ఇరికించడని 1953లోనే దలీప్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. పాత కక్షలుంటే మాత్రం ఆ సాక్ష్యాన్ని ఇంకాస్త జాగ్రత్తగా చూస్తారు.

ఇక ఎవరితోనూ పగ లేని బాటసారి. నమ్మబుద్ధేస్తుంది గానీ, గాజువాకలో ఉండేవాడు రాత్రి పదకొండింటికి ఫిషింగ్ హార్బర్ దగ్గరికి ఎందుకొచ్చాడు, లైటు ఉందా, నిందితుడు ముందే తెలుసా, పోలీసులకు ఎన్నాళ్లకు చెప్పాడు? వీటికి సరైన జవాబు లేకపోతే అతని మాట నిలబడటం కష్టం.

ఎంతమంది చూశారన్నది లెక్క కాదు. 1957 నాటి వడివేలు తేవర్ తీర్పు ప్రకారం పూర్తిగా నమ్మదగిన సాక్షి ఒక్కరున్నా చాలు. అందుకే నేనైతే తడబడే ముగ్గురు బాటసారుల కంటే, ఆ దాడిలోనే గాయపడిన తమ్ముడి మాటకు ఎక్కువ విలువిస్తాను, అతను అక్కడే ఉన్నాడని ఆ గాయమే చెబుతుంది కాబట్టి.