పెనాల్టీ క్లాజు ఉంది కదా అని డెలివరీ చలాన్ మీద సంతకం పెట్టేయకండి

మెషినరీ ఆర్డర్ ఇచ్చేవాళ్లకు హెచ్చరిక. పర్చేజ్ ఆర్డర్‌లో "ఆలస్యమైతే వారానికి 1% కోత, గరిష్ఠం 10%" అని రాసుకున్నంత మాత్రాన ఆ డబ్బు మీది కాదు. చాలామంది దాన్ని పోగొట్టుకునేది కోర్టులో కాదు, గోడౌన్ గేటు దగ్గర. రెండు నెలలు ఆలస్యంగా లారీ వస్తుంది, స్టోర్స్ కుర్రాడు చలాన్ మీద సంతకం గీకి స్టాంపు కొడతాడు.

1872 కాంట్రాక్టు చట్టం 55వ సెక్షన్ ప్రకారం, గడువే ప్రాణమైన ఒప్పందంలో ఆలస్యంగా వచ్చిన సరుకు దించుకునేటప్పుడే "పరిహారం అడుగుతాం" అని తెలియజేయాలి. లేకపోతే ఆలస్యం తాలూకు నష్టం అడిగే హక్కు పోతుంది. అందుకని చలాన్ మీదే రాయండి: "గడువు దాటి ఇన్ని రోజులు. పరిహారం హక్కు వదులుకోకుండా తీసుకుంటున్నాం." అదే రోజు మెయిల్ కూడా పెట్టండి. గడువు పొడిగించే ప్రతి ఉత్తరంలోనూ ఈ మాట ఉండాలి.

ఇక అంకె సంగతి. 74వ సెక్షన్ కింద రాసుకున్న మొత్తం పైకప్పు మాత్రమే, దాని లోపల కోర్టు సబబనుకున్నంతే ఇస్తుంది. పెనాల్టీ అనకుండా "లిక్విడేటెడ్ డ్యామేజెస్" (ముందే ఖాయం చేసుకున్న నష్టపరిహారం) అని రాయించే సలహాదారులున్నారు. పేరు మారితే కొలత మారదు. 2015 కైలాష్‌నాథ్ కేసు చూడండి: ఢిల్లీ అభివృద్ధి సంస్థ 78 లక్షల ధరావతు జప్తు చేసుకుంది. 3.12 కోట్లకు పాడిన ఆ స్థలాన్నే మళ్లీ వేలం వేస్తే 11.78 కోట్లు వచ్చింది. నష్టమే లేనప్పుడు జప్తు ఏమిటని సుప్రీంకోర్టు ధరావతు వెనక్కి ఇప్పించింది. నష్టం లెక్కకట్టడం కష్టమైన చోట, ముందే నిజాయితీగా వేసుకున్న అంచనాకు విలువ ఉంటుంది (2003, ఓఎన్‌జీసీ–సా పైప్స్ సుప్రీంకోర్టు కేసు). కాబట్టి ఆ 1% ఎలా వచ్చిందో ఆర్డర్‌లోనే రెండు లైన్లు రాయండి: లోన్ వడ్డీ, షెడ్డు అద్దె, బయట చేయించుకునే జాబ్‌వర్కు ఖర్చు. ఆ బిల్లులు రుజువుగా భద్రపరచండి.

బ్యాలెన్సు ఆపేస్తే సరిపోతుందనుకుంటారు. తయారీదారు ఉద్యం రిజిస్ట్రేషన్ (ప్రభుత్వం దగ్గర చిన్న పరిశ్రమల నమోదు) ఉన్న సూక్ష్మ, చిన్న పరిశ్రమ అయితే అక్కడే ఇరుక్కుంటారు. సరుకు అందిన 15 రోజుల్లో రాతపూర్వక అభ్యంతరం లేకపోతే అంగీకరించినట్టే లెక్క. ఒప్పందంలో ఎంత రాసుకున్నా చెల్లింపు గడువు 45 రోజులు దాటకూడదు. దాటితే రిజర్వు బ్యాంకు రేటుకు మూడు రెట్లు, నెలనెలా చక్రవడ్డీ. ఈ బకాయిల పేచీలు తేల్చే ఫెసిలిటేషన్ కౌన్సిల్ తీర్పు మీద కోర్టుకెళ్లాలన్నా ముందు తీర్పు మొత్తంలో 75% కట్టాలి. కోత లెక్క ఆ 15 రోజుల్లోపే రాతలో పంపి, పేచీ లేని మొత్తం గడువులో కట్టేయండి.