సొలొమోను కథ: రాజుల గ్రంథంలో ఒకలా, దినవృత్తాంతాల్లో మరోలా

దావీదు కొడుకు, ఇశ్రాయేలు రాజు సొలొమోను గురించి బైబిల్లో రెండు కథనాలున్నాయి: 1 రాజులు 1–11, 2 దినవృత్తాంతములు 1–9. రెండిటినీ కలిపి ఒకే కథగా చెప్పేస్తే చాలా పోతుంది.

రాజుల గ్రంథం రాజకీయం దాచదు. సింహాసనం కోసం అన్న అదోనీయాతో పోరు, ఒక బిడ్డ కోసం ఇద్దరు తల్లుల తగవు, ఆలయానికి 7 ఏళ్లు పడితే సొంత రాజభవనానికి 13 ఏళ్లు పట్టడం, చివరికి 700 మంది భార్యలు, అన్యదేవతల గుళ్లు. దినవృత్తాంతాల్లో ఇవేవీ లేవు. ఆలయం మోరీయా కొండ మీద కట్టారన్న మాట మాత్రం ఇక్కడే దొరుకుతుంది.

పట్టణాల సంగతి మరీ విచిత్రం. రాజుల్లో సొలొమోనే తూరు రాజు హీరాముకు 20 ఊళ్లు ఇస్తాడు, అవి అతనికి నచ్చవు. రెండో దాంట్లో హీరామే సొలొమోనుకు ఊళ్లు ఇచ్చినట్టుంది.

కొలతలూ కలవవు. ఆలయం ముందున్న స్తంభాల ఎత్తు రాజుల్లో 18 మూరలు, దినవృత్తాంతాల్లో 35 మూరలు. పోత సముద్రంలో, అంటే ఆలయంలోని పెద్ద ఇత్తడి నీటి తొట్టిలో, పట్టే నీళ్లు అక్కడ 2000 బాత్‌లు, ఇక్కడ 3000 బాత్‌లు (బాత్ అంటే ద్రవాల పాత కొలత). మూర 45 సెంటీమీటర్లు, బాత్ 22 లీటర్లు అనుకుని లెక్కేయండి: 10 మూరల వెడల్పు, 5 మూరల ఎత్తున్న తొట్టి నిట్టనిలువు గోడలతో ఉన్నా దాదాపు 36,000 లీటర్లే పడుతుంది. 2000 బాత్‌లకే 44,000 కావాలి!

ఆలయ ఆరాధన కోసమైతే దినవృత్తాంతములు చదవండి. మనిషిని తెలుసుకోవాలంటే రాజుల గ్రంథమే ముందు. లేకపోతే 2 దినవృత్తాంతములు 10:15లో, రాజ్యం చీలిపోతుందని అహీయా ప్రవక్త చెప్పిన ప్రవచనం నెరవేరిందన్నప్పుడు తికమక పడతారు. ఆ ప్రవచనం ఉన్నది 1 రాజులు 11లోనే.