మోరీయా కొండ కథ: మూడు యూదు పునఃకథనాల్లో ఏది మేలు?

దేవుని ఆజ్ఞ ప్రకారం అబ్రాహాము తన కొడుకు ఇస్సాకును బలి ఇవ్వడానికి మోరీయాకు తీసుకువెళ్లగా చివరి క్షణంలో దూత ఆపిన కథ ఆదికాండము 22వ అధ్యాయంలో పంతొమ్మిది వచనాల్లో ముగిసిపోతుంది. అందులో చెప్పినదానికంటే చెప్పకుండా వదిలినదే ఎక్కువ. అన్నీ తెలిసిన దేవుడికి పరీక్షించవలసిన అవసరం ఏమొచ్చిందో, మూడు రోజుల ప్రయాణంలో తండ్రి మనసు ఎలా ఉందో, కాళ్లూ చేతులూ కట్టి కట్టెల మీద పడుకోబెట్టినప్పుడు కొడుకు ఏమన్నాడో, తల్లి శారాకు సంగతి తెలుసో లేదో మూలంలో ఒక్క మాట కూడా లేదు. చివరి వచనంలో అబ్రాహాము తన పనివారి దగ్గరకు తిరిగి వచ్చాడని ఉంది గాని, ఇస్సాకు వచ్చాడని లేదు. తరువాతి అధ్యాయం శారా మరణంతో మొదలవుతుంది.

ఈ ఖాళీలను ప్రాచీన యూదులు అనేక విధాలుగా పూరించారు. వాటిలో మూడింటిని పక్కపక్కన పెట్టి చూడదగినవిగా నేను ఎంచుకున్నాను. ఒకటి, క్రీ.పూ. 2వ శతాబ్దంలో హీబ్రూలో రాసిన జూబిలీల గ్రంథం. రెండోది, యూదు చరిత్రకారుడు జోసీఫస్ రోమ్ నగరంలో గ్రీకులో రాసి క్రీ.శ. 93-94 ప్రాంతంలో ముగించిన యూదుల ప్రాచీన చరిత్ర. మూడోది, క్రీ.శ. 5వ శతాబ్దం నాటికి పాలస్తీనాలో రబ్బీల, అంటే యూదు మతగురువుల, వ్యాఖ్యల సంకలనంగా రూపుదిద్దుకొన్న బెరేషీత్ రబ్బా. చర్చిలోనో, బక్రీద్ పండుగ సందర్భంలోనో ఈ కథ విని, యూదులు దీన్ని ఎలా అర్థం చేసుకున్నారో తెలుసుకోవాలనుకొనే తెలుగు పాఠకుడికి ఈ మూడింటిలో ఏది మేలు అన్నదే ఇక్కడి ప్రశ్న. మూల వచనాన్ని ఎంత దగ్గరగా చదివారు, మూలం రేపిన కలతను ఎంతవరకు దాచకుండా ఉంచారు అనేవే నా కొలమానాలు.

జూబిలీల గ్రంథం మొదటి ప్రశ్నకే సూటిగా జవాబు చెబుతుంది. అబ్రాహాము ఎంతో నమ్మకస్థుడని పరలోకంలో మాటలు వినబడగా, మస్తేమా అనే దుష్టాత్మల అధిపతి దేవుని ముందుకు వచ్చి, అతనికి కొడుకంటే అన్నిటికన్నా ఎక్కువ ప్రేమ గనుక ఆ కొడుకునే బలి అడిగి చూడమంటాడు. యోబు గ్రంథంలో సాతాను వేసిన ఎత్తే ఇది. దానివల్ల పరీక్ష ఆలోచన దేవునిది కాకుండా పోతుంది. అబ్రాహాము నమ్మకస్థుడని దేవునికి ముందే తెలుసునని, స్వదేశం విడిచిపోవడంలోను, కరవులోను, భార్యను అపహరించినప్పుడు, పెద్ద కొడుకు ఇష్మాయేలును, వాడి తల్లి హాగరును పంపివేసినప్పుడు ఇలా ఎన్నోసార్లు పరీక్షించి చూశాడని కూడా గ్రంథం చెబుతుంది. అంటే ఈ పరీక్ష దేవుడు తెలుసుకోవడానికి కాదు, లోకానికి తెలియజేయడానికి. చివర మస్తేమా సిగ్గుపడతాడు.

కథను చెప్పే గొంతు కూడా ఈ గ్రంథంలో విశేషమైనదే. సీనాయి కొండ మీద మోషేకు చరిత్రనంతా చెబుతున్న సన్నిధి దూత, అంటే దేవుని సన్నిధిలో నిలిచే దూత, ఈ ఘట్టం రాగానే, ఆ రోజు అబ్రాహామును పిలిచి ఆపింది నేనేనంటాడు. మూలంలో పేరు లేని దూత ఇక్కడ ప్రత్యక్ష సాక్షి అవుతాడు. పరలోకంలో ఆ మాటలు వినబడినది మొదటి నెల పన్నెండో తేదీ అని చెప్పి, మూడో రోజున కొండ చేరడాన్ని పస్కా రోజులతో కలిసేటట్టు చేస్తాడు. అబ్రాహాము వెళ్లి క్షేమంగా తిరిగి వచ్చిన ఏడు రోజుల జ్ఞాపకార్థం ఏటా ఏడు రోజులు పండుగ చేసుకొన్నాడని, ఆ కొండ యెరూషలేములోని సీయోనేనని కూడా అంటాడు. చరిత్రనంతటినీ 49 ఏళ్ల ఆవర్తాలుగాను, సంవత్సరాన్ని 364 రోజులుగాను లెక్కించిన రచయితకు ఏ కథయినా క్యాలెండరులో తన చోటు చూసుకోవలసిందే.

కథనంగా చూస్తే మూడింటిలో ఇదే పొందికైనది. ఆది, అంతం, విరోధి, సాక్షి అందరూ ఉన్నారు. అయితే ఆ పొందికే దాని లోటు కూడా. నింద మస్తేమా మీదికి వెళ్లిన తరువాత పాఠకుడి మనసులోని అసలు కలత చల్లారిపోతుంది. ఇస్సాకు మాత్రం, మూలంలో అడిగిన ఒక్క ప్రశ్న తప్ప, నోరు విప్పడు. ఇంత శ్రద్ధగా తేదీలు పూరించిన రచయిత ఆ కుర్రవాడి మౌనాన్ని పూరించకుండా వదిలివేయడం నాకు పెద్ద లోటుగానే కనిపిస్తుంది.

జోసీఫస్ ఆ లోటును తీర్చబోయి మరో వైపుకు ఒరిగాడు. క్రీ.శ. 70లో యెరూషలేము దేవాలయం నాశనమైన తరువాత, తన జాతి చరిత్ర గౌరవనీయమైనదని గ్రీకు, రోమన్ పాఠకులకు నిరూపించడానికి రాసిన మనిషి ఆయన. పవిత్ర గ్రంథాల్లో ఉన్నదానికి ఏదీ కలపను, ఏదీ తీసివేయనని పుస్తకం మొదట్లోనే మాట ఇచ్చాడు. అయినా ఈ ఘట్టంలో కలిపినదీ ఉంది, తీసివేసినదీ ఉంది. ఇస్సాకు వయసు ఇరవై అయిదేళ్లన్నాడు. కొడుకును కట్టివేసిన సంగతే వదిలేశాడు. ఆ స్థానంలో తండ్రి చేత ఒక ప్రసంగం చేయించాడు: నీ కోసం దేవునికి ఎన్నో ప్రార్థనలు చేశాను, నీవు పుట్టాక నిన్ను పెంచి పెద్దచేయడం కంటే నాకు వేరే ఆనందం లేకపోయింది, ఆయన చిత్తం వల్లనే నీకు తండ్రినయ్యాను, ఆయన చిత్తం వల్లనే నిన్ను వదులుకుంటున్నాను, నీవు రోగంతోనో యుద్ధంలోనో పోకుండా ప్రార్థనల మధ్య దేవుని దగ్గరకు వెళతావు, వృద్ధాప్యంలో నాకు ఆసరాగా నీకు బదులు దేవుడే ఉంటాడు అన్న ధోరణిలో అది సాగుతుంది. అది విని ఇస్సాకు సంతోషించి, దేవుడూ తండ్రీ కలిసి నిర్ణయించినదాన్ని కాదంటే తాను పుట్టడానికే తగనని చెప్పి బలిపీఠం వైపు పరుగెత్తాడట.

ఆ ప్రసంగంలో నీకు బదులు దేవుడే ఆసరా అన్న మాటను నేను తేలిగ్గా తీసివేయలేను. ముసలితనంలో కొడుకు మీద ఆధారపడే తండ్రి దుఃఖం ఏమిటో ఆ రచయితకు తెలుసు. కాని సంతోషంగా పరుగెత్తే ఇస్సాకును మాత్రం నేను నమ్మలేను. దేశం కోసం నవ్వుతూ ప్రాణమిచ్చే వీరులను మెచ్చుకొనే పాఠకుల కోసం చెక్కిన బొమ్మ అది. తాను మనుషుల రక్తం కోరి ఈ ఆజ్ఞ ఇవ్వలేదని దేవుని చేతనే చెప్పించడం కూడా ఆ పాఠకులకు చెప్పిన సంజాయిషీయే. ఆ తరువాత తండ్రీకొడుకులు కౌగిలించుకొని శారా దగ్గరకు తిరిగి వెళ్లి సుఖంగా జీవించారని ముగిస్తాడు. మూలంలో ఇస్సాకు తిరుగు ప్రయాణం గురించి ఉన్న మౌనం జోసీఫస్ దగ్గర జాడ లేకుండా పోయింది.

బెరేషీత్ రబ్బా కథ చెప్పే పుస్తకం కాదు. మన టీకా తాత్పర్యాల్లాగే మూలాన్ని ముక్క ముక్కగా తీసుకొని, ప్రతి ముక్క దగ్గరా ఆగి అడుగుతుంది. కొత్తవాడికి ఇది కష్టమే. ఎక్కడో కీర్తనల్లోని వచనంతో చర్చ మొదలై, ఇద్దరు ముగ్గురు రబ్బీలు భిన్నంగా మాట్లాడి, ఎవరిది సరైనదో తేల్చకుండానే ముందుకు సాగుతుంది. అయినా ఈ కథకు సంబంధించిన 55, 56 అధ్యాయాలు చదివినవారికి ఆ శ్రమ వృథా కాదని నా గట్టి నమ్మకం.

దేవుని ఆజ్ఞనే చూడండి. హీబ్రూ మూలంలో అది నీ కొడుకును, నీ ఒక్కగానొక్కణ్ని, నీవు ప్రేమించేవాణ్ని, ఇస్సాకును అని మెట్లు మెట్లుగా సాగుతుంది. ఒక్క పేరు చెబితే సరిపోయేదానికి నాలుగు మాటలు ఎందుకని రబ్బీలకు అనుమానం వచ్చింది. ఆ మాటల మధ్య వారికి అబ్రాహాము జవాబులు వినిపించాయి. నీ కొడుకును తీసుకో అంటే, ఏ కొడుకును అని అడిగాడు. నీ ఒక్కగానొక్కణ్ని అంటే, వీడు వీడి తల్లికి ఒక్కడే, వాడు వాడి తల్లికి ఒక్కడే అన్నాడు. నీవు ప్రేమించేవాణ్ని అంటే, కడుపులో ప్రేమకు హద్దులుంటాయా అన్నాడు. ఇస్సాకును అన్నాక ఇక అడగడానికి ఏమీ మిగలలేదు. కొత్త పాత్ర రాలేదు, వచనంలోని ఒక్క మాటా మారలేదు. అయినా ఆజ్ఞను వీలైనంత సేపు వాయిదా వేయజూసిన తండ్రి కళ్ల ముందు నిలిచాడు. మిగిలిన రెండు గ్రంథాల్లో ఇంతటి పఠనం నాకు కనబడలేదు.

చేయి వేయవద్దు, అతన్ని ఏమీ చేయవద్దు అని దూత రెండుసార్లు అనడం దగ్గరా అలాగే ఆగారు. కత్తి పట్టుకొన్నవాడితో చేయి అనడమెందుకు, కత్తి ఏమైంది అని అడిగి, దేవదూతల కన్నీటి చుక్కలు మూడు పడి కత్తి కరిగిపోయిందన్నారు. అయితే చేతితోనే ప్రాణం తీస్తానన్నాడు అబ్రాహాము. అందుకే రెండోసారి చెప్పవలసి వచ్చిందట. దారిలో ఎదురైన సమాయేలు అనే దుష్టదూత పాత్ర మస్తేమాను పోలినదే గాని, అతడు పరీక్ష పెట్టినవాడు కాదు. వందేళ్లకు పుట్టిన కొడుకును చంపబోతున్నావు, రేపు ఆ దేవుడే నిన్ను హంతకుడంటాడు అని పాఠకుడి మనసులోని మాటనే పైకి అన్నవాడు. ఆ ప్రశ్న ఎవరి నోటనయినా రానిచ్చారు గాని దాచలేదు.

ఇస్సాకు విషయంలో రబ్బాదే పైచేయి. ఇస్సాకు పుట్టినప్పుడు శారా వయసు 90, మరణించినప్పుడు 127 గనుక, ఆమె మరణానికి కారణం ఈ సంఘటనే అనుకొంటే కొడుకుకు అప్పటికి 37 ఏళ్లు. ముప్పై ఏడేళ్లవాణ్ని వాడి ఇష్టం లేకుండా ముసలివాడు కట్టగలడా అని అడిగి, అతని చేతనే మాట్లాడించారు: నాన్నా, నేను యువకుణ్ని, కత్తి భయానికి నా ఒళ్లు వణికితే నీకు బాధ కలుగుతుంది, బలి చెడిపోతుంది, నన్ను గట్టిగా, బాగా గట్టిగా కట్టు. జోసీఫస్ తీసివేసిన కట్లే ఇక్కడ కథకు గుండెకాయ అయ్యాయి. ఒప్పుకొన్నాడు, భయపడ్డాడు, రెండూ నిజమే.

ఈ మాట రబ్బీల సొంత కల్పన మాత్రమే అనుకోవడానికి లేదు. మృత సముద్రం దగ్గరి కుమ్రాన్ గుహల్లో దొరికిన 4క్యూ225 అనే తోలు గ్రంథపు చుట్ట ముక్కలో, మస్తేమాతోపాటు ఏడుస్తూ నిలబడిన దూతలు కూడా ఉన్నారు. ఇస్సాకు తన తండ్రితో అన్న మాట మొదలయ్యే చోట చర్మం చిరిగి, కాఫ్ అనే ఒక్క అక్షరం మిగిలింది. కట్టు అనే హీబ్రూ మాట ఆ అక్షరంతోనే మొదలవుతుంది గనుక, నన్ను కట్టు అన్నాడని పండితులు పూరించి చదువుతున్నారు. ఆ పఠనం సరైనదైతే రబ్బా కంటే నాలుగైదు వందల ఏళ్ల ముందే ఈ మాట ప్రచారంలో ఉందన్నమాట.

శారా ప్రస్తావనలోనూ తేడా స్పష్టమే. జూబిలీల గ్రంథం ఆమె మరణాన్ని అబ్రాహాముకు వచ్చిన పదో పరీక్షగా లెక్కించి ముందుకు పోతుంది. జోసీఫస్ ఆమెకు సుఖాంతం ఇచ్చాడు. ఆమె కోసం ఏడవడానికి అబ్రాహాము ఎక్కడి నుంచి వచ్చాడని రబ్బా అడిగి, మోరీయా నుంచేనని జవాబిచ్చి, ఆ దుఃఖంతోనే ఆమె పోయిందంటుంది. లేవీయకాండము మీది మిద్రాష్, అంటే రబ్బీల వ్యాఖ్య, మరింత ముందుకు వెళ్లి, జరిగినది విని ఆమె ఆరు కేకలు వేసి ప్రాణం విడిచిందని, పొట్టేలు కొమ్ము బూర ఊదే ఆరు నాదాలు ఆ కేకలకు సాటి అని చెబుతుంది.

కాబట్టి ఒక్కటే చదవగలిగే సమయం ఉన్నవారికి, కష్టమైనా సరే, బెరేషీత్ రబ్బానే చదవమంటాను. రెండు చదవగలవారు జూబిలీల గ్రంథం 17వ అధ్యాయం చివరి భాగాన్ని, 18వ అధ్యాయాన్ని ముందు చదువుకొంటే, సమాయేలు పాత్రను రబ్బీలు ఎంత మార్చారో తెలుస్తుంది. ఈ గ్రంథం పూర్తిగా మిగిలినది ఇథియోపియా చర్చి భద్రపరచిన గీజ్ భాషలోనే. దానికి 1902లో ఆర్. హెచ్. చార్లెస్ చేసిన ఇంగ్లీషు అనువాదం ఇంటర్నెట్‌లో ఉచితంగా దొరుకుతుంది. జోసీఫస్ కథనం మొదటి పుస్తకం 13వ అధ్యాయంలో ఉంది. దాన్ని చివరికి ఉంచుకోవడం మంచిది. అంత నునుపైన కథ ముందు చదివితే మూలంలోని గరుకుదనం చేతికి తగలదు. ఏది తెరిచినా ఆదికాండము 22వ అధ్యాయాన్ని వచన సంఖ్యలతో పక్కనే పెట్టుకోవాలి. ముఖ్యంగా రబ్బా ఆ వచనాల వరుసలోనే నడుస్తుంది, వచనం ఎదుట లేకపోతే అందులోని సగం ప్రశ్నలు ఎందుకు పుట్టాయో అర్థం కాదు.